తెలుగు చదరంగ క్రీడాకారులు

తెలుగు నేలమీద పుట్టినవారు, బయటి రాష్ట్రాల్లో స్థిరపడిన తెలుగు కుటుంబాలవారు గత పాతికేళ్లలో చదరంగంలో సాధించినది మామూలు సంగతి కాదు. జూనియర్ ప్రపంచ టైటిళ్లు, మహిళల ప్రపంచ ర్యాపిడ్ కిరీటం రెండుసార్లు, ఒలింపియాడ్ స్వర్ణాలు, 2800 దాటిన రేటింగ్, 2024లో ప్రపంచ చాంపియన్ పీఠం అన్నీ వీరి ఖాతాలో ఉన్నాయి. వీరిలో ముఖ్యమైనవారి క్రీడా జీవితాలను వరుసగా చూస్తే ఒక సంగతి స్పష్టంగా కనిపిస్తుంది. తెలుగు చదరంగాన్ని నిలబెట్టినవి పెద్ద సంస్థలు కావు. ఇంట్లో ఒక తాతయ్యో, తండ్రో, అమ్మమ్మో పట్టుదలగా నిలబడ్డారు, ఊళ్లో ఒక గురువు దొరికాడు. దాదాపు ప్రతి పేరు వెనకా ఉన్నది ఇదే.

తొలి అడుగులు

స్వతంత్ర భారతంలో మొట్టమొదటి జాతీయ చదరంగ చాంపియన్‌షిప్ జరిగింది తెలుగు పట్టణంలోనే. 1955లో ఏలూరులో ఆంధ్ర చదరంగ సంఘం దాన్ని నిర్వహించింది. బొంబాయికి చెందిన రామచంద్ర సాప్రే, తెలుగు ఆటగాడు డి. వెంకయ్య సమాన పాయింట్లతో సంయుక్త విజేతలయ్యారు. దేశపు తొలి జాతీయ చాంపియన్లలో ఒక తెలుగువాడు ఉన్నాడన్న సంగతి మన క్రీడా చరిత్రల్లో పెద్దగా కనిపించదు. ఇది మరచిపోదగ్గ విషయం కాదు.

అయితే ఆ ఆరంభం వెంటనే పెద్ద పరంపరగా మారలేదు. తర్వాతి దశాబ్దాల్లో భారత చదరంగానికి కేంద్రం మద్రాసు. మాన్యుయెల్ ఆరన్, ఆయన తర్వాత విశ్వనాథన్ ఆనంద్ అక్కడివారే. 1988లో ఆనంద్ దేశపు తొలి గ్రాండ్‌మాస్టర్ అయ్యాక గుంటూరు, విజయవాడ ఇళ్లలోనూ చదరంగం బల్ల కేవలం సెలవుల కాలక్షేపంగా మిగల్లేదు. 2002 అక్టోబరులో హైదరాబాద్‌లో అంతర్జాతీయ చదరంగ సమాఖ్య (ఫిడే) ప్రపంచ కప్ జరిగింది, ఆనంద్ దాన్ని గెలిచాడు. అప్పటికే ఇద్దరు తెలుగు పిల్లలు గ్రాండ్‌మాస్టర్లయ్యారు.

పెంటేల హరికృష్ణ

1986 మే 10న గుంటూరులో పుట్టిన హరికృష్ణకు నాలుగేళ్ల వయసులో పావులు ఎలా కదపాలో నేర్పింది తాతయ్య. 2000లో ఇస్తాంబుల్ ఒలింపియాడ్‌లో భారత జట్టు తరఫున ఆడినప్పుడు అతని వయసు 14. మరుసటి ఏడు గ్రాండ్‌మాస్టర్ హోదా వచ్చింది. దేశంలో ఆరో గ్రాండ్‌మాస్టర్ అతను, అప్పటికి వారందరిలో పిన్న వయస్కుడు. అదే 2001లో కామన్వెల్త్ చాంపియన్ అయ్యాడు. 2004లో కొచ్చిలో ప్రపంచ జూనియర్ టైటిల్ గెలిచాడు. 1987లో ఆనంద్ గెలిచాక ఆ టైటిల్ అందుకున్న భారతీయుడు మళ్లీ అతనే. 2011లో ఆసియా చాంపియన్‌షిప్, 2012లో నెదర్లాండ్స్‌లో టాటా స్టీల్ బి-గ్రూప్ వచ్చాయి. 2016 చివరలో రేటింగ్ 2770కి చేరింది, ప్రపంచ ర్యాంకుల్లో తొలి పదిమందిలో చోటు దక్కింది.

హరికృష్ణ ఆటలో తొందరపాటు ఉండదు. పావులు తగ్గిపోయి బోర్డు ఖాళీ అయ్యాక, ఇక డ్రా తప్పదనుకునే స్థితిలో చిన్న ఆధిక్యాన్ని పట్టుకుని గంటల తరబడి నొక్కుతూ పోవడం అతని బలం. ఇలాంటి ఆటకు చప్పట్లు తక్కువ, పాయింట్లు ఎక్కువ. అతనికి దక్కాల్సినంత పేరు దక్కకపోవడానికి ఇదీ ఒక కారణమని చెప్పవచ్చు. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో స్వర్ణం గెలిచిన భారత జట్టులో అతనూ సభ్యుడు. తొలి ఒలింపియాడ్‌కూ ఈ స్వర్ణానికీ మధ్య 24 ఏళ్లు గడిచాయి. ఆ ఏడు చివరలో దొమ్మరాజు గుకేశ్ ప్రపంచ టైటిల్ కోసం ఆడినప్పుడు, తెరవెనక ఓపెనింగులు సిద్ధం చేసిన సహాయక బృందంలో అతను ఒకడు.

కోనేరు హంపి

తెలుగు క్రీడాకారుల జాబితాలో ఒక్క పేరే రాయాలంటే అది కోనేరు హంపిది. 1987 మార్చి 31న కృష్ణా జిల్లాలో పుట్టింది. తండ్రి కోనేరు అశోక్ స్వయంగా చదరంగ క్రీడాకారుడు, అధ్యాపకుడు. ఇంట్లో ఆయన ఒక గేమ్ పరిశీలిస్తుండగా చిన్నారి హంపి సరైన ఎత్తు చెప్పిందని, అక్కడి నుంచే ఆయన ఆమెకు నేర్పడం మొదలుపెట్టారని అంటారు. తర్వాత ఉద్యోగం వదిలేసి పూర్తికాలం కూతురి కోచ్ అయ్యారు. ఒక మధ్యతరగతి ఇంట్లో అది ఎంత పెద్ద నిర్ణయమో ఊహించుకోవచ్చు.

ఫలితాలు త్వరగానే వచ్చాయి. ప్రపంచ యూత్ పోటీల్లో 1997లో పదేళ్ల లోపు, 1998లో పన్నెండేళ్ల లోపు, 2000లో పద్నాలుగేళ్ల లోపు బాలికల టైటిళ్లు, 2001లో ప్రపంచ జూనియర్ బాలికల టైటిల్ గెలిచింది. 1999లో అహ్మదాబాద్‌లో జరిగిన ఆసియా పన్నెండేళ్ల లోపు పోటీలో అబ్బాయిలతో ఆడి వారినే ఓడించింది. 2002లో 15 ఏళ్ల 1 నెల 27 రోజుల వయసులో గ్రాండ్‌మాస్టర్ అయింది. అప్పటిదాకా మహిళల్లో అతి పిన్న గ్రాండ్‌మాస్టర్ రికార్డు హంగేరీకి చెందిన జుడిత్ పోల్గార్‌ది. హంపి దాన్ని మూడు నెలల తేడాతో దాటింది. దేశంలో అతి పిన్న గ్రాండ్‌మాస్టర్‌గా హరికృష్ణ పేరిట ఉన్న రికార్డు కూడా ఆమె చేతికే వచ్చింది. మహిళల రికార్డును 2008లో చైనా అమ్మాయి హౌ యిఫాన్ తీసుకుంది.

ఆ హౌ యిఫానే హంపి దారికి అడ్డంగా నిలిచింది. 2008, 2010 ప్రపంచ మహిళల చాంపియన్‌షిప్‌లలో సెమీఫైనల్లో హంపిని ఓడించింది. 2011లో తిరానాలో ఇద్దరి మధ్యా ప్రపంచ టైటిల్ పోరు జరిగినా హంపి గెలవలేకపోయింది. మూడుసార్లూ ఒకే ప్రత్యర్థి. ఈలోగా 2009లో హంపి రేటింగ్ 2623కి చేరింది. మహిళల్లో పోల్గార్ తర్వాత 2600 దాటినది ఆమే. 2006 దోహా ఆసియా క్రీడల్లో వ్యక్తిగత స్వర్ణం, మిశ్రమ జట్టు స్వర్ణం గెలిచింది. 2003లో అర్జున అవార్డు, 2007లో పద్మశ్రీ వచ్చాయి. వీటిలో కొన్ని ఓఎన్‌జీసీలో ఉద్యోగం చేస్తూనే సాధించింది.

పెళ్లి తర్వాత 2017లో కూతురు పుట్టింది. రెండేళ్లు ఆటకు దూరంగా ఉంది. చాలామంది ఆమె ఆట ముగిసిందనే అనుకున్నారు. తిరిగొచ్చాక 2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ చాంపియన్‌షిప్ ఆడింది. 12 రౌండ్లు అయ్యేసరికి చైనాకు చెందిన లే టింగ్జీతో సమానంగా నిలిచింది. టైబ్రేక్ మొదటి గేమ్‌లో ఓడింది, రెండోది గెలిచింది. ఇక మిగిలింది ఆర్మగెడాన్. ఇందులో తెల్ల పావులవారికి సమయం ఎక్కువ ఇస్తారు, కానీ డ్రా అయితే నల్ల పావులవారిదే గెలుపు. హంపికి నల్లవి వచ్చాయి. ఆ గేమ్‌ను డ్రా చేసింది, ప్రపంచ చాంపియన్ అయింది. మరుసటి ఏడు ఆన్‌లైన్ ఒలింపియాడ్ సెమీఫైనల్లోనూ భారత్, పోలాండ్ సమానంగా నిలిచినప్పుడు ఆర్మగెడాన్ ఆడాల్సి వచ్చింది. జట్టు హంపినే పంపింది, ఆమె మోనికా సోచ్కోను ఓడించింది. ఫైనల్లో సర్వర్ అంతరాయం ఏర్పడటంతో రష్యా, భారత్‌లను సంయుక్త విజేతలుగా ప్రకటించారు.

2024 డిసెంబరులో న్యూయార్క్ ప్రపంచ ర్యాపిడ్‌లో తొలి రౌండే ఓడిపోయింది. అక్కడి నుంచి పుంజుకుని 11 రౌండ్లలో 8.5 పాయింట్లతో 37 ఏళ్ల వయసులో రెండోసారి టైటిల్ గెలిచింది. 2025 జులైలో జార్జియాలోని బతూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్లో 19 ఏళ్ల దివ్య దేశ్‌ముఖ్ చేతిలో టైబ్రేక్‌లో ఓడింది. రేటింగులో ఆమెకంటే పైకి వెళ్లినవారు ఉన్నారు, కిరీటాలు ఎక్కువ గెలిచినవారూ ఉన్నారు. కానీ పదేళ్ల లోపు విభాగం నుంచి నలభైకి చేరువయ్యే దాకా, బిడ్డ పుట్టాక కూడా ప్రపంచ అగ్రశ్రేణిలో నిలిచిన ఈ తీరు చదరంగంలో అరుదు. ఆ లెక్కన తెలుగు చదరంగంలో ఆమెది మొదటి స్థానం.

ద్రోణవల్లి హారిక

1991 జనవరి 12న గుంటూరులో పుట్టిన హారిక, హంపి తర్వాత గ్రాండ్‌మాస్టర్ హోదా పొందిన రెండో భారతీయ మహిళ. ఆ హోదా 2011లో వచ్చింది. అంతకు ముందే 2008లో ప్రపంచ జూనియర్ బాలికల టైటిల్ గెలిచింది. కోచ్ ఎన్.వి.ఎస్. రామరాజు శిక్షణలో ఎదిగింది. పోటీలకు దూరదేశాలు వెళ్లినప్పుడు తోడుగా అమ్మమ్మ వెళ్లేవారు.

2012, 2015, 2017 ప్రపంచ మహిళల చాంపియన్‌షిప్‌లలో ఆమెకు కాంస్యాలు దక్కాయి. ఈ నాకౌట్ పోటీల్లో మూడుసార్లు సెమీఫైనల్ చేరడం గొప్ప. మూడుసార్లూ అక్కడే ఆగిపోవడం గుండె కోసే సంగతి. 2017లో టెహ్రాన్‌లో తాన్ జోంగీతో పోరు ఆర్మగెడాన్ దాకా వెళ్లింది. ఆ టైటిల్ చివరకు తాన్‌దే అయింది. 2016లో చైనాలోని చెంగ్డూలో మహిళల గ్రాండ్ ప్రి గెలిచింది. 2019లో పద్మశ్రీ వచ్చింది.

2022 జులై, ఆగస్టు నెలల్లో చెన్నై దగ్గర మామల్లపురంలో ఒలింపియాడ్ జరిగినప్పుడు హారిక తొమ్మిది నెలల గర్భిణి. ఎప్పుడు ఆసుపత్రికి వెళ్లాల్సి వస్తుందోనన్న స్థితిలో బోర్డు ముందు కూర్చుని ఆడింది. హంపి, హారిక, వైశాలి, తానియా, భక్తి ఉన్న జట్టు కాంస్యం గెలిచింది. ఒలింపియాడ్‌లో భారత మహిళలకు అదే తొలి పతకం. రెండేళ్లకు బుడాపెస్ట్‌లో మహిళల జట్టు స్వర్ణం గెలిచినప్పుడు మొదటి బోర్డు మీద ఆడింది హారికే.

ఇరిగేశి అర్జున్

తెలుగు చదరంగం కోస్తా జిల్లాల నుంచి తెలంగాణకు విస్తరించిందనడానికి అర్జున్ నిలువెత్తు నిదర్శనం. 2003 సెప్టెంబరు 3న వరంగల్‌లో పుట్టాడు. తండ్రి న్యూరోసర్జన్. హైదరాబాద్‌లో రామరాజు దగ్గర శిక్షణ పొందాడు. 2018లో 14 ఏళ్ల వయసులో దేశంలో 54వ గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. ఆ వెంటనే హైదరాబాద్‌కు చెందిన భరతకోటి హర్ష 55వ గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు.

కొవిడ్ కాలం తర్వాత అర్జున్ ఎదుగుదల ఎవరూ ఊహించని వేగంతో సాగింది. 2021లో కోల్‌కతా టాటా స్టీల్ ర్యాపిడ్ గెలిచాడు. 2022లో నెదర్లాండ్స్ టాటా స్టీల్ చాలెంజర్స్‌లో 13 గేముల్లో 10.5 పాయింట్లు సాధించాడు. అదే ఏడాది జాతీయ చాంపియన్ అయ్యాడు, అబుదాబి మాస్టర్స్ గెలిచాడు. 2024 బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో మూడో బోర్డు మీద 11 గేములూ ఆడి 10 పాయింట్లు తెచ్చాడు. ఆ బోర్డుకు వ్యక్తిగత స్వర్ణం అతనిదే. 2024 డిసెంబరు ఫిడే జాబితాలో అతని రేటింగ్ 2801. ఆనంద్ తర్వాత 2800 దాటిన రెండో భారతీయుడు అతనే. ప్రపంచంలోనూ ఆ గీత దాటినవారు అప్పటికి కొద్దిమందే.

అర్జున్ నల్ల పావులతో కూడా గెలుపు కోసమే ఆడతాడు. అగ్రశ్రేణి ఆటగాళ్లు చాలామంది నల్లవాటితో డ్రా దొరికితే చాలనుకుంటారు. అర్జున్ బోర్డు మీద చిక్కులు పెంచి ప్రత్యర్థిని తెలియని దారిలోకి లాక్కుపోతాడు. ఇందులో ఓటమి ప్రమాదం ఎక్కువ. 2023, 2025 ప్రపంచ కప్‌లలో క్వార్టర్‌ఫైనల్ దగ్గరే ఆగిపోయాడు. కానీ 2800 చేరింది కూడా ఈ తెగువతోనే.

దొమ్మరాజు గుకేశ్

చెన్నైలో స్థిరపడిన తెలుగు కుటుంబంలో 2006 మే 29న గుకేశ్ పుట్టాడు. ఆడేది తమిళనాడు తరఫున, అతన్ని తీర్చిదిద్దింది చెన్నై చదరంగ వాతావరణం. ఆ ఘనత ఆ నగరానికి ఇవ్వాల్సిందే. తండ్రి రజనీకాంత్ ఈఎన్‌టీ వైద్యుడు, తల్లి పద్మ మైక్రోబయాలజిస్టు. కొడుకుతో పోటీలకు తిరగడానికి తండ్రి వైద్యవృత్తిని కొంతకాలం పక్కనపెట్టారు, ఇల్లు తల్లి జీతంతో నడిచింది. 2019 జనవరిలో 12 ఏళ్ల 7 నెలల 17 రోజుల వయసులో గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు.

2024 ఏప్రిల్‌లో టొరంటోలో క్యాండిడేట్స్ గెలిచి ప్రపంచ చాంపియన్ డింగ్ లిరెన్‌ను సవాలు చేశాడు. సింగపూర్‌లో 13 గేముల తర్వాత ఇద్దరివీ 6.5 పాయింట్లే. డిసెంబరు 12న పద్నాలుగో గేమ్. గుకేశ్‌వి నల్ల పావులు, ఒక బంటు ఎక్కువ. అయినా బోర్డు మీద మిగిలినవి రూక్, బిషప్‌లే కాబట్టి డ్రా ఖాయమని చూసేవారంతా అనుకున్నారు. గుకేశ్ మాత్రం చేతులు కలపడానికి ఒప్పుకోకుండా ఆడుతూనే పోయాడు. 55వ ఎత్తులో డింగ్ రూక్‌ను తప్పు గడిలోకి జరిపాడు. గుకేశ్ రూక్‌లు మార్చుకుని, బిషప్‌లు కూడా మార్చుకోక తప్పని స్థితి తెచ్చాడు. అవి పోతే మిగిలేవి రాజులు, బంట్లే. అప్పుడు ఆ ఒక్క అదనపు బంటు గెలుపు తెస్తుంది. మరికొన్ని ఎత్తులకు డింగ్ ఓటమి ఒప్పుకున్నాడు. 18 ఏళ్లకు గుకేశ్ ప్రపంచ చాంపియన్ అయ్యాడు. అంతకు ముందు 1985లో 22 ఏళ్లకు గెలిచిన కాస్పరోవ్ అతి పిన్న చాంపియన్.

మరికొందరు

విజయవాడకు చెందిన ముసునూరి లలిత్‌బాబు 2012లో గ్రాండ్‌మాస్టర్ అయ్యాడు. 2014 ట్రోమ్సో ఒలింపియాడ్‌లో కాంస్యం గెలిచిన భారత జట్టులో ఆడాడు. 2017లో జాతీయ చాంపియన్ అయ్యాడు. ఆంధ్రప్రదేశ్‌కే చెందిన కార్తీక్ వెంకటరామన్ 2024లో జాతీయ టైటిల్ గెలిచాడు. తెలంగాణ నుంచి రాజా రిత్విక్ 2021లో, రాహుల్ శ్రీవాత్సవ్ 2022లో, వుప్పాల ప్రణీత్ 2023లో గ్రాండ్‌మాస్టర్లయ్యారు. మహిళా గ్రాండ్‌మాస్టర్లలో బొడ్డ ప్రత్యూష, నూతక్కి ప్రియాంక ఉన్నారు.

గురువుల సంగతి విడిగా చెప్పాలి. కోనేరు అశోక్ తయారుచేసింది ముందు తన కూతురినే. రామరాజు చేతిలో హారిక, అర్జున్, రిత్విక్ ఎదిగారు. ముగ్గురు గ్రాండ్‌మాస్టర్లను ఇచ్చిన ఒక్క గురువు ఏ రాష్ట్రానికైనా ఆస్తి.

గ్రాండ్‌మాస్టర్ హోదా, దాని ఖర్చు

గ్రాండ్‌మాస్టర్ కావాలంటే రేటింగ్ 2500 చేరాలి, మూడు నార్ములు రావాలి. నార్మ్ అంటే సాధారణంగా తొమ్మిది గేముల పోటీలో 2600 స్థాయి ప్రదర్శన. ప్రత్యర్థుల్లో కనీసం మూడోవంతు గ్రాండ్‌మాస్టర్లు ఉండాలి, వేర్వేరు దేశాలవారూ ఉండాలి. ఇలాంటి పోటీలు మన దగ్గర తక్కువ. అందుకే మన పిల్లలు స్పెయిన్, హంగేరీ, సెర్బియా వెళ్లి నార్ముల కోసం ఆడాల్సి వస్తోంది. విమానం, బస, కోచ్, తోడు వెళ్లే పెద్దలు అన్నీ కుటుంబం మీదే పడతాయి. పై పేర్లలో వైద్యుల, అధ్యాపకుల పిల్లలు కనిపించడానికి కారణం తెలివితేటల్లో తేడా కాదు, ఈ ఖర్చే.

ఉదాహరణకు తెలంగాణలోని నిజామాబాద్, బోధన్ ప్రాంతం నుంచి చూస్తే ఈ ఖర్చు భారం మరింత స్పష్టంగా తెలుస్తుంది. నిజాంసాగర్ కాలువల కింద భూములు సాగులోకి వచ్చాక కృష్ణా, గుంటూరు జిల్లాల నుంచి ఎన్నో కుటుంబాలు వర్ని, కోటగిరి, బోధన్ చుట్టుపక్కల క్యాంపులు కట్టుకుని స్థిరపడ్డాయి. ఒకప్పుడు వర్ని మండలంలో ఉండి ఇప్పుడు సొంత మండలమైన చందూర్ ఆ పరిధిలోదే. అంటే హరికృష్ణ, హంపి, హారికలు పుట్టిన జిల్లాలతో ఈ ప్రాంతానికి బంధుత్వమే ఉంది. కానీ చెరుకు, వరి మీద బతికే ఇంటికి, బోధన్ చక్కెర ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతపడ్డాక మరీ, పిల్లవాడిని యూరప్ పంపడం మాటలు కాదు. హైదరాబాద్‌లో కోచ్ దగ్గరికి వారం వారం తీసుకెళ్లడమే గగనం.

జిల్లాలో ప్రతిభకు మాత్రం కొదవ లేదు. నిజామాబాద్ అమ్మాయి నిఖత్ జరీన్ 2022లో, 2023లో ప్రపంచ బాక్సింగ్ చాంపియన్ అయింది. ఆమెకూ తొలి గురువు తండ్రే. చదరంగానికి రింగు, మైదానం అక్కర్లేదు. ఆన్‌లైన్‌లో ప్రపంచంలో ఎవరితోనైనా ఉచితంగా ఆడవచ్చు, పెద్ద ఆటగాళ్ల గేములు ఎత్తు ఎత్తుగా చూడవచ్చు. అయితే ఫోన్‌లో మూడు నిమిషాల ఆటలు ఎన్ని ఆడినా ఫిడే రేటింగ్ రాదు. గడియారం పెట్టుకుని గంటల తరబడి కూర్చునే ఆట, ప్రతి ఎత్తునూ స్కోరుషీటు మీద రాసుకునే అలవాటు, ఓడిన గేమ్‌ను మళ్లీ పేర్చి చూసుకునే ఓపిక, ఇవన్నీ బోర్డు ముందే వస్తాయి.

కాబట్టి చందూర్, వర్ని, బోధన్ పాఠశాలల ఉపాధ్యాయులకూ తల్లిదండ్రులకూ ఒక విన్నపం. బడిలో నాలుగు బోర్డులు, రెండు గడియారాలు పెట్టి వారానికి ఒక సాయంత్రం పూర్తి గేమ్ ఆడించండి, ఎత్తులు రాయించండి. వయసు విభాగాల వారీగా జరిగే జిల్లా ఎంపిక పోటీలకు పిల్లల్ని పంపండి, అమ్మాయిల్ని తప్పక పంపండి. అక్కడ గెలిచినవారు రాష్ట్ర పోటీలకు, అక్కడి నుంచి జాతీయ పోటీలకు వెళతారు.